పోస్టుమాస్టరుతో చివరి రౌండు

"ఇది కూడా రాయమ్మా. పద్నాలుగేళ్లకే గ్రాండ్‌మాస్టర్లయిపోతున్న ఈ పిల్లకాయలు ఆడేది చదరంగం కాదు, కంప్యూటర్ నేర్పిన పాఠాన్ని అప్పజెప్పడం. చిలకలకి కిరీటాలు పెడుతున్నారు!"

గ్రాండ్‌మాస్టర్ సోఫాలో కాలు మీద కాలు వేసుకుని చెబుతున్నాడు. ఎదుట కూర్చున్న అమ్మాయి నోటుపుస్తకంలో రాసుకుంటోంది. వచ్చే ఆదివారం చదరంగ సమాఖ్య ఆయనకు జీవితకాల పురస్కారం ఇస్తోంది. ఆ సందర్భంగా వేస్తున్న పుస్తకానికి వ్యాసం రాయడానికి వచ్చిందామె.

ఆయన భార్య టీ కప్పులు బల్ల మీద పెట్టి పక్క కుర్చీలో కూర్చుంది. ముప్ఫై ఆరేళ్లు నర్సుగా చేసి రిటైరైన మనిషి. భర్త గొప్పలు వినీ వినీ ఆమెకు కంఠతా వచ్చేశాయి. ఏ మాట తర్వాత ఏ మాట వస్తుందో, ఎక్కడ ఆగి తనలో తనే మురిసిపోతాడో కూడా తెలుసు.

"మీ తరంలో మీకు నచ్చిన ఆటగాళ్లెవరు సార్?" అడిగింది అమ్మాయి.

"నచ్చడమా! ఒకడున్నాడు, వరసగా మూడేళ్లు జాతీయ చాంపియన్. ఎలా గెలిచాడనుకున్నావ్? పది ఎత్తులు వెయ్యడం, డ్రా అనడం, చేతులు కలిపి క్యాంటీన్‌కి పోవడం. ఇంకొకాయన ఒలింపియాడ్ పతకం మెడలోంచి తీస్తే ఒట్టు. స్నానం కూడా దానితోనే చేసేవాడేమో."

"మూడేళ్లూ మీరు కూడా ఆడారుగా. మీకెన్నో స్థానం వచ్చిందో అదీ చెప్పండి," అంది భార్య.

"వార్డులో థర్మామీటర్లు చూసుకున్నదానివి, నీకేం తెలుస్తుంది?"

"పదకొండో స్థానం అని మాత్రం తెలుసు."

అమ్మాయి నవ్వాపుకుంది. గ్రాండ్‌మాస్టర్ గొంతు సవరించుకున్నాడు.

"మీకు గ్రాండ్‌మాస్టర్ హోదా తెచ్చిన పోటీ గురించి చెప్పండి సార్. సమాఖ్య ఆఫీసులో పదిమంది పేర్లున్న ఫలితాల పట్టిక తప్ప తేదీలు గానీ, ఎత్తులు రాసిన కాగితాలు గానీ దొరకలేదు."

ఆయన నిటారుగా కూర్చున్నాడు. "ఎక్కడో కొండల్లో చిన్న ఊరు. హోటల్ మేడ మీద హాలు. పది మంది ఆటగాళ్లం, తొమ్మిది రౌండ్లు. చివరి రౌండు గెలిస్తేనే హోదా."

ఈ ఘట్టం వచ్చేసరికి భార్య ఎప్పటిలాగే తల దించుకుంది. అప్పుడామెకు మొదటి కాన్పు. తను పనిచేసే ఆసుపత్రిలోనే చేరింది. 'ఆయనేరీ?' అని తోటి నర్సులు అడిగితే 'పోటీ ఉంది, రాలేరు' అని నొప్పులు పడుతూనే జవాబు చెప్పింది. ఆపరేషన్ కాగితం మీద భర్త సంతకం ఉండాల్సిన చోట తనే సంతకం పెట్టుకుంది. ఐదో రోజున వచ్చాడాయన. ముందు సర్టిఫికెట్ చూపించి, ఆ తర్వాత బిడ్డని చూశాడు.

భర్త చెప్పే ప్రతి గెలుపునీ ఆమె ఎగతాళి చేసేది, ఆ ఒక్కదాన్ని తప్ప. దాన్ని నవ్వులపాలు చేస్తే తను ఒంటరిగా పడ్డ నొప్పులు కూడా నవ్వులపాలవుతాయనిపించేది.

"చివరి రౌండులో నాకు తగిలినవాడు పోస్టుమాస్టరు," అన్నాడాయన. "అందరూ అలాగే పిలిచేవాళ్లు. నిజంగానే పోస్టాఫీసులో పని. ఉత్తరాల మీద ముద్రలు గుద్దుకునేవాడికి చదరంగమెందుకు చెప్పు?"

అమ్మాయి కలం ఆగింది. "ఆయన బాగా ఆడేవారని విన్నాను."

"బాగానా? సెలవు చీటీ రాసిచ్చి వచ్చి ఆడే గుమాస్తా ఆట! ఇరవై మూడో ఎత్తులో గుర్రాన్ని బలిచ్చాను. అంతే, మొహంలో నెత్తురు చుక్క లేదు. చేతులు వణికిపోయాయి. 'డ్రా చేసుకుందామండీ, ఇంట్లో చిన్నపిల్ల ఎదురుచూస్తూ ఉంటుంది' అని ఒకటే బతిమాలుకోవడం."

బతిమాలుకోవడం ఈసారి కొత్తగా చేరిందని గమనించింది భార్య. చెప్పిన ప్రతిసారీ ఆ పోస్టుమాస్టరు ఇంకాస్త దిగజారిపోతాడు పాపం.

"ఆ మాట మీరే విన్నారా సార్?"

"మరి? బల్లకి ఆ పక్కన వాడు, ఈ పక్కన నేను. చివరికి చెయ్యిచ్చి ఓటమి ఒప్పుకున్నాడు. అరచేతి నిండా చెమట. వాడు వెళ్లాక రుమాలుతో తుడుచుకున్నాను."

"ఆ రౌండు జరిగిన తేదీ గుర్తుందా?"

ఆయన పైకప్పు వంక చూశాడు. భార్యే చెప్పింది: "మా పెద్దది పుట్టిన రోజేనమ్మా. మార్చి పదిహేడు. ఇరవై తొమ్మిదేళ్లయింది."

అమ్మాయి తేదీ రాసుకుంది. రాసినదాన్నే కాసేపు చూసి, పుస్తకం మూసేసింది.

"ఆ పోస్టుమాస్టరు ఊసు తప్పకుండా రాయి," అన్నాడు గ్రాండ్‌మాస్టర్, కప్పు అందుకుంటూ. "నా పుణ్యమా అని వాడి పేరు కూడా అచ్చులో పడుతుంది."

"రాస్తాను సార్. ఆయన మా నాన్న."

కప్పు తొణికి టీ ఆయన పంట్లాం మీద పడింది.

"అయ్యో తల్లీ!" భార్య గబుక్కున లేచి వచ్చి అమ్మాయి భుజం మీద చెయ్యి వేసింది. "ఈయన నోటికి హద్దూ పద్దూ ఉండదమ్మా, ఏమీ అనుకోకు. చూస్తారేం? తప్పయిందని చెప్పండి!"

"మీ నాన్న... మంచి ఆటగాడేనమ్మా," అన్నాడాయన. "నేనేదో మాటవరసకి... అదంతా రాయకులే."

ఇన్నేళ్ల కాపురంలో ఆయన ఒక మాట వెనక్కి తీసుకోవడం ఆమె చూడటం అదే మొదటిసారి. ఇప్పటికైనా సిగ్గు తెలిసిందనుకుంది.

"ఆ రోజు ఓడిపోయి ఇంటికొచ్చి మీ నాన్నగారు చాలా బాధపడ్డారా తల్లీ?" అని మెల్లగా అడిగింది.

అమ్మాయి గ్రాండ్‌మాస్టర్ వంక చూడలేదు. ఆమెనే చూస్తూ చెప్పింది.

"అప్పటికి నాన్న పోయి ఏడాదమ్మా."