టోపీ తీసి చచ్చేవాడు

"పోయిన వారం చచ్చినవాడు ఈ వారం సారాకొట్లో కూర్చుని తాగుతున్నాడట!" ప్రేక్షకుల ఉత్తరాల కట్ట ఊపుతూ అరిచాడు అసిస్టెంట్ డైరెక్టర్ లోమాక్స్. "టీవీ ముందు కూర్చుని జనం పగలబడి నవ్వుతున్నారు. ఇవాళ్టినుంచి ఎవడి మొహాన్నయినా జనం గుర్తుపట్టారో, వాడు టోపీ అప్పజెప్పి ఇంటికెళ్ళడమే!"

కాలిఫోర్నియా ఎండలో వరసగా నిలబడ్డ బందిపోటు వేషగాళ్ళు మొహమొహాలు చూసుకున్నారు.

"నీకేం భయం ఆర్విల్! నిన్ను మీ ఆవిడే గుర్తుపట్టదు," అన్నాడు పక్కనున్న బందిపోటు.

ఆర్విల్ ప్రూయిట్ నవ్వాడు. పంతొమ్మిదేళ్ళుగా కౌబాయ్ కథల్లో చస్తున్నాడు. తూటా తగిలి చచ్చాడు, ఉరేస్తే చచ్చాడు, గుర్రాల కాళ్ళకింద పడి చచ్చాడు. తెరమీద ఒక్కసారీ పేరు పడలేదు. వీధిలో ఒక్కరూ ఆపి "నువ్వేనా?" అనలేదు. ఆ బెంగ గుండెలో ఉండనే ఉంది. ఇవాళ మాత్రం అదే వరమైంది. యాభైమూడేళ్ళ మనిషికి చావడం తప్ప ఇంకో పని చేతకాదు మరి.

మధ్యాహ్నం బీన్స్ పళ్ళెం ఒళ్ళో పెట్టుకుని తింటుంటే, చంకలో ఫైలుతో ఒకావిడ ఎదురుగా వచ్చి ఆగింది.

"మీరే కదూ! తూటా తగిలాక టోపీ తీసి గుండెకి ఆనించుకుని, అప్పుడు పడిపోయారు. నేను ఏడ్చేశానండీ!"

ఆర్విల్‌కి ఆ టోపీ తియ్యమని ఏ డైరెక్టరూ చెప్పలేదు. చావు ఎదురొస్తే మర్యాద చెయ్యాలని తనకే తోచింది. దాన్ని చూసిన మనిషి ఇన్నాళ్ళకి దొరికింది. 'అవునమ్మా, నేనే' అని నోటిదాకా వచ్చింది.

నాలుగడుగుల దూరంలో కాఫీ పోసుకుంటున్న లోమాక్స్ ఇటు తిరిగాడు.

ఆర్విల్ అడకత్తెరలో పోకచెక్కయ్యాడు. "నేను కాదమ్మా," అన్నాడు.

"అదే గడ్డం, అదే తెగిన చెవి. మీరే!"

"అతను అచ్చం నాలాగే ఉండేవాడు లెండి. అందరూ అన్నదమ్ములనుకునేవారు. పాపం, కిందటి చలికాలం పోయాడు. శవపేటిక మోసినవాళ్ళలో నేనూ ఒకణ్ణి."

లోమాక్స్ మళ్ళీ కాఫీ మీద పడ్డాడు.

ఆవిడ మొహం వాడిపోయింది. "పోయాడా! పదిరోజులుగా స్టూడియోలన్నీ గాలిస్తున్నాను. పేరు కూడా ఎవరికీ తెలీదు. కొత్త సీరియల్లో ఊరి డాక్టరు వేషం. వారం వారం కనిపించాలి, చచ్చే పనే లేదు. మా ప్రొడ్యూసరు ఆ టోపీ మనిషే కావాలని పట్టుబట్టారు. హు, ఆ పోయినాయనకి రాసిపెట్టి లేదు." ఫైలు మూసి వెళ్ళబోయింది.

పళ్ళెం మట్టిలో బోర్లా పడింది.

"అమ్మా! నేనే! ఆ మనిషిని నేనే!"

"ఇందాక శవాన్ని మోశానన్నారు?"

"పని పోతుందని అబద్ధమాడానమ్మా. కావాలంటే చూడండి!"

ఆర్విల్ ఒక్కసారి వెనక్కి తూలాడు. మెల్లగా టోపీ తీసి గుండెకి ఆనించుకున్నాడు. మోకాళ్ళు వంగాయి. దుమ్ములోకి ఒరిగిపోయాడు. పంతొమ్మిదేళ్ళలో ఇంత బాగా ఎప్పుడూ చావలేదు.

తల పైకెత్తి చూశాడు. ఆవిడ కళ్ళలో నీళ్ళున్నాయి.

"ఛీ!" అంది ఆవిడ. "స్నేహితుడు పోయి ఏడాది కాలేదు. వేషం మాట చెవినపడగానే అతని చావుని కూడా దొంగిలిస్తావా? సిగ్గులేదూ?"

విసవిసా నడిచి వెళ్ళింది. ఆవిడ కారు లేపిన దుమ్ము ఆర్విల్ మీద పడింది. లేచే ఓపిక లేక అలాగే పడుకుని ఉంటే, మొహం పక్కన ఒక జత బూట్లు వచ్చి ఆగాయి.

"ఆవిడ నమ్మకపోతేనేం, నేను నమ్మాను," అన్నాడు లోమాక్స్, చెయ్యి చాపి. "టోపీ ఇలా ఇయ్యి."