గట్టు మీద పిల్లి

ఇది ఇంకా జరగని కథ. మనుషులు పోయి లక్షల ఏళ్ళయ్యాక ఈ నేల మీద ఎలుకలు గేదెలంత పెరిగాయి. పిల్లులేమో ఉడతలంత చిన్నవైపోయి పండ్లు తిని బతుకుతున్నాయి.

ఒక వేసవిలో అడవి మొత్తానికి ఒక్క మడుగు మిగిలింది. దాని గట్టు మీద ఒక పిల్లి కూర్చుంది. దాహంతో సోలిపోతున్న కూనను వెంటబెట్టుకొచ్చిన తల్లి ఎలుక, పిల్లిని చూసి పొద చాటునే ఆగిపోయింది.

“ఎందుకమ్మా ఆగావు?” అంది కూన.

“పిల్లి ఉందే! దాని కంట పడకూడదని మా అమ్మమ్మ చెప్పింది.”

“ఆవిణ్ణి పిల్లి ఏం చేసింది?”

“ఏమీ చెయ్యలేదు. ఆవిడకి వాళ్ళమ్మమ్మ చెప్పిందట.”

ఆ మాటలు విని పిల్లి దీనంగా పిలిచింది. “వదినా, నీళ్ళు లోతుకు పోయాయి, నాకు అందడం లేదు. నీ తోక ముంచి తీశావంటే ఆ చుక్కలు నాకి బతుకుతాను.”

అంతలో కూన కాళ్ళు తడబడి కూలబడింది. ఇక తల్లి ఆగలేదు. కూనను నోట కరుచుకుని మడుగులోకి దిగి, తాగడానికి నీళ్ళ అంచున దించింది. కళ్ళు గట్టిగా మూసుకుని, తడిసిన తోకను గట్టు మీదికి చాచింది.

పిల్లి నాకుతుంటే చక్కిలిగిలి పుట్టి, తల్లి ఎలుక మడుగంతా అదిరేలా నవ్వింది. “ఓసి, ఇంత చిన్న నాలుకకా మేం ఇన్ని తరాలు దాక్కున్నాం!”

ఒళ్ళు దానంతటదే పెరుగుతుంది. ధైర్యాన్ని మాత్రం ఎవరికి వారే పెంచుకోవాలి.