ఒంటరి చుట్టు

ఇంజను తిరుగుతుండగానే లొయిక్ ముందు సీటులోంచి లేచి, రెక్క కింద వంగి, గడ్డి మీదికి దూకాడు.

"ఇక మీరొక్కరే వెళ్లండి, ఒడీల్ గారూ."

వెనక సీటులో ఒడీల్ తల పైకెత్తి చూసింది. "ఇవాళేనా? గాలి పక్క నుంచి కొడుతోందయ్యా!"

"కొడుతుంది. దాని పని అదే కదా."

అతను ఖాళీ సీటు బెల్టులు బిగించి కట్టేశాడు. వదులుగా వదిలేస్తే విమానాన్ని నడిపే స్టిక్‌కు చుట్టుకుంటాయి. ఒంటరిగా పంపే రోజు ఎప్పుడన్నది ఈ క్లబ్బులో ముందుగా చెప్పరు. చెబితే ఆ రాత్రి ఎవరికీ నిద్ర పట్టదు. దిగిపోతారు, బెల్టులు కట్టేస్తారు, అంతే.

ఆ విమానం పాత మొరాన్. రెండో ప్రపంచ యుద్ధానికి ముందు కుర్రాళ్లకు ఎగరడం నేర్పడానికి ఫ్రాన్సులో చేసినది. తలపైన గొడుగులా ఒకే రెక్క. ఒకదాని వెనక ఒకటి రెండు సీట్లు. పైన కప్పు లేదు. వానొస్తే తడవాల్సిందే.

క్లబ్బు గుమ్మంలో కాఫీ కప్పుతో ప్రెసిడెంటు దెలోర్మ్ నిలబడి ఉన్నాడు. పారిస్ నుంచి నిరుడే వచ్చాడు. కిందటి మీటింగులో అందరి ముందూ అనేశాడు.

"ఈ వయసులో, అదీ గుండె ఆపరేషన్ అయ్యాక, విమానమేమిటండీ? ఇంట్లో కూర్చుని స్వెటర్లు అల్లుకోవచ్చుగా?"

"అల్లాను. పక్కింటి కుక్క కూడా వేసుకోనంది."

అందరూ నవ్వారు. అతను మాత్రం నవ్వలేదు. నెలాఖరులోగా ఒక్క చుట్టు ఒంటరిగా తిరిగి, చక్కగా దిగాలి. తేడా వస్తే ఇక ఆమెకు మొరాన్ ఇచ్చేది లేదన్నాడు.

భర్త పోయాక ఒడీల్ ఇంట్లో మాట్లాడేది రేడియో ఒక్కటే. మనుషుల మాటలు వినబడేది ఆదివారాలు, ఈ గడ్డి మైదానంలోనే. మొరాన్ పోతే అవీ పోతాయి.

ఆమె ఇంజను వేగం పెంచే థ్రాటిల్ ముందుకు నెట్టింది.

ఒక మనిషి బరువు తగ్గిన మొరాన్ తొందరగా నేల విడిచింది. గాలి చెంపల మీద చన్నీళ్లలా కొట్టింది. కింద పసుపు పూల చేలు. రొట్టెల దుకాణం పొగగొట్టం. ఇసుక మేటల మధ్య మెరుస్తూ లువార్ నది.

"అదిగో నది!" అంది పైకే.

పలికేవాళ్లు లేరు. ఇన్నేళ్లూ గాల్లో ఆమెతో ఎవరో ఒకరు ఉండేవారు. ఇప్పుడు ఎదురుగా బెల్టులు కట్టిన ఖాళీ సీటు. ఇంత పెద్ద ఆకాశంలో తను, ఇంజను చప్పుడు. అంతే. ఇంట్లో ఒంటరితనానికి గోడలైనా ఉంటాయి.

ఆమె మలుపు తిరిగింది. మళ్లీ తిరిగింది. మైదానం ఎదురొచ్చింది. పక్కగాలి రెక్కను పైకి లేపబోయింది. ఆమె స్టిక్ కొద్దిగా పక్కకు ఒత్తి పట్టింది.

ఒక చక్రం గడ్డిని తాకింది. రెండోది తాకింది. తోక మెల్లగా వాలింది.

దెలోర్మ్ కాఫీ చల్లారిపోయింది. మైదానం దాటి వచ్చి, "ఆదివారాలు మొరాన్ మీరే తీసుకోండి, మదాం," అని ముక్తసరిగా చెప్పి వెళ్లాడు.

ఒడీల్ కిందికి దిగిందో లేదో, నెత్తి మీద బకెట్ నీళ్లు ధబాలున పడ్డాయి. మొదటిసారి ఒంటరిగా ఎగిరి దిగినవాళ్లకు క్లబ్బు చేసే మర్యాద అది.

"ఓరి నీ దుంప తెగ! చలికి చంపేస్తావా?" అని కేకపెట్టింది, నవ్వాగక.

లొయిక్ ఖాళీ బకెట్ పట్టుకుని కళ్లు తుడుచుకున్నాడు.

"ఆపరేషన్ అయ్యాక మీకిది మళ్లీ మొదటిసారే. నన్ను మొదటిసారి ఒంటరిగా పంపి మీరు నా నెత్తిన పోసింది జనవరిలో కదండీ, గురువుగారూ!"