గ్లిగోర్ తద్దినం

"తాతా, మళ్ళీ అడ్డొచ్చావు," అన్నాడు కెమెరా పట్టుకున్న తుడోరెల్.

"కుర్చీ చూద్దామని వచ్చాను," అంటూ ముసలాయన అందులో కూర్చుని అటూ ఇటూ ఊగాడు.

పరలోకం మీద డాక్యుమెంటరీ తీస్తున్న స్మరాండా తల పట్టుకుంది. చచ్చినవాళ్ళ గురించి సినిమా తీసేవాళ్ళకి బతికున్నవాళ్ళే అడ్డం.

బుకారెస్ట్‌లో చానల్ మేడమ్ తేల్చి చెప్పేసింది.

"నీ సినిమాలో అందరూ చావంటే పక్కింటివాళ్ళ పెళ్ళన్నట్టు మాట్లాడుతున్నారు. తన చావు గురించి తను మాట్లాడే మనిషి ఒక్కరైనా కావాలి. లేకపోతే వెయ్యను."

ఆ ఒక్కరి కోసమే జియు నది ఒడ్డున ఈ ఊరికి, గ్లిగోర్ అనే ఆయన తద్దినానికి వచ్చింది.

పెరట్లో బల్లల నిండా క్యాబేజీ ఆకుల్లో చుట్టి వండిన మాంసం, ప్లమ్ సారా. పైలోకంలో పనికొస్తాయని దానం ఇచ్చే మంచం, దుప్పటి, కుర్చీ ఓ పక్కన.

"తాతగారూ, అది దానమిచ్చే కుర్చీ. పైకి వెళ్ళేది," అంది స్మరాండా.

"అందుకే చూస్తున్నా. ఓ కాలు పొట్టి. పైన వడ్రంగి దొరుకుతాడో లేదో."

"గ్లిగోర్ గారు మీకు తెలుసా?"

"చిన్నప్పట్నుంచీ."

"మంచివారేనా?"

"వాళ్ళావిడ ఉంటే అడగాల్సింది."

స్మరాండాకి కాస్త ఆశ పుట్టింది. "ఆయన్ని తలుచుకుంటే ఏమనిపిస్తోంది?"

"పులుసులో ఉప్పు తగ్గిందనిపిస్తోంది."

తుడోరెల్ నవ్వాడు. కెమెరా ఊగింది.

లాభం లేదని ఆమె ఆ ఇంటి కోడలు పరస్కీవా దగ్గరికి వెళ్ళింది. పరస్కీవా కెమెరా చూడగానే పొడి కళ్ళు తుడుచుకుని, "ఎప్పటికైనా అందరం పోవాల్సినవాళ్ళమే," అంది.

ప్రతి ఊళ్ళోనూ ఇదే మాట.

ఇంతలో పాదిరీ ప్రార్థన మొదలుపెట్టాడు. అందరూ తలలు వంచారు. ముసలాయన మాత్రం గ్లాసుతో నేరుగా కెమెరా ముందుకొచ్చాడు.

"పోవడానికి నాకేం భయం లేదమ్మాయ్. అక్కడ మా ఆవిడ 'ఇంతాలస్యమేం' అంటే ఏం చెప్పాలో అదే తోచడం లేదు."

"ప్రార్థన పాడైపోయింది!" అంది స్మరాండా.

ఆయన్ని చెయ్యి పట్టుకుని తీసుకెళ్ళి గొడ్లపాక దగ్గర కూర్చోబెట్టింది. కెమెరాలో కార్డు నిండిపోతోందని తుడోరెల్ తాత ఉన్న ముక్కలన్నీ అక్కడికక్కడే చెరిపేశాడు. ప్రార్థన మళ్ళీ మొదట్నుంచి చదివించారు. ఈసారి బ్రహ్మాండంగా కుదిరింది.

నెల గడిచింది. సినిమా ఇవ్వాల్సింది ఆ సాయంత్రమే. తన చావు గురించి మాట్లాడే మనిషి మాత్రం దొరకనే లేదు. కనీసం చివర్లో పోయినాయన ముఖమైనా చూపిద్దామని స్మరాండా పరస్కీవాకి ఫోన్ చేసింది.

"పోయినాయన ఫొటో ఒకటి పంపుతారా?"

"ఎవరమ్మా పోయింది?"

"అదే, గ్లిగోర్ గారు."

అవతల పరస్కీవా కోళ్ళని అదిలించి ఫోను చెవికి దగ్గరగా పెట్టుకుంది.

"మా మామగారు పోవడమేంటి తల్లీ, పోయాక మా ఆయన పెడతాడో లేదోనని తన తద్దినం తనే దగ్గరుండి పెట్టించుకుంటే, ఆయన్నే కదా నువ్వు తీసుకెళ్ళి గొడ్లపాక దగ్గర కూర్చోబెట్టావు."