కిరీటం గుండీలు

1997 జూన్ 30 అర్ధరాత్రి హాంకాంగ్ బ్రిటన్ చేతిలోంచి చైనా చేతికి వెళుతుంది. ఆ మధ్యాహ్నం దర్జీ లావ్ సెక్‌హంగ్, పోలీసుగా పనిచేసే కూతురు మన్‌యీ చొక్కాకున్న బ్రిటన్ కిరీటం గుండీలు తీసి, కొత్త హాంకాంగ్ గుర్తయిన పువ్వు గుండీలు కుడుతున్నాడు.

“డ్యూటీ ఎక్కడేశారు?”

“సరిహద్దులో, నాన్నా. చైనా సైన్యానికి స్వాగతం చెప్పే వరుసలో.”

సూది ఆగింది.

“ఆ తుపాకులకు దొరక్కూడదనే, పెళ్ళికి ముందు, గాలి నింపిన బంతి పట్టుకుని చైనా నుంచి ఇక్కడికి సముద్రం ఈదుకొచ్చాను.”

“సెలవు పెట్టెయ్యనా?”

“పెట్టి? నువ్వూ ఈదుతావా? బకెట్లో నీళ్ళు చూస్తేనే జడుసుకుంటావు.”

మన్‌యీ నవ్వలేదు. ఆయన దారం కొరికి చొక్కా అందించాడు.

“భుజం మీది గుండీకి రెండు కుట్లు ఎక్కువేశాను, తల్లీ. సెల్యూట్ కొడితే ఊడదు.”

పొద్దున ఆరింటికి సైన్యం సరిహద్దు దాటుతుంది.