కోతికుండల నీళ్ళు

"వీటిలో నీళ్ళేవి? అక్కడే ఒంపేశావా?"

తండ్రి జవోంగ్ గొంతు విని సులిన్ బియ్యం కడగడం ఆపి బయటికొచ్చింది. మెట్ల కింద సిరిల్ నిలబడి ఉన్నాడు. అతని వీపున ఉన్న బుట్ట నిండా కోతికుండలు. చిత్తడి నేలలో తీగమొక్కలకు కాసే పొట్ట బలిసిన పచ్చటి తిత్తులవి. అన్నీ శుభ్రంగా ఉన్నాయి, అన్నీ ఖాళీగా ఉన్నాయి.

"ఒంపేశాను పెద్దయ్యా. లోపల చచ్చిన చీమలు తేలుతున్నాయి. వాటినెందుకు ఇంతదూరం మోయడమని," అన్నాడు సిరిల్, మెచ్చుకుంటారేమోనని చూస్తూ.

జవోంగ్ తల పట్టుకుని అరుగు మీద కూలబడ్డాడు. కోతికుండల్లో బంకబియ్యం, కొబ్బరిపాలు పోసి ఆవిరి మీద ఉడికిస్తేనే వాళ్ళకు గవాయ్ పండుగ. అయితే మొక్క దగ్గర నీళ్ళు ఒంపకూడదు. ఒంపితే వాన తప్పదు. కుండను నిండుగానే ఇంటికి తెచ్చి పొయ్యి బూడిదలో పోయాలి. ఆ కొండల్లో పసిపిల్లలకు కూడా తెలిసిన సంగతి ఇది. సిరిల్ పుట్టింది సముద్రం ఒడ్డున, అన్నానికి బదులు సగ్గుబియ్యం తినేవాళ్ళ ఊళ్ళో. సులిన్‌ను ఇచ్చి పెళ్ళి చెయ్యమని అడగడానికి ముందురోజే వచ్చాడు. ఏమాత్రం పనిమంతుడో చూద్దామని కోతికుండలకు పంపిన జవోంగ్, అసలు ముక్క చెప్పడం మరిచిపోయాడు.

అంతలో చినుకు పడింది. వాకిట్లో చాపల మీద మిరియాలు ఆరబోసి ఉన్నాయి. అవి ఎత్తేలోపు సగం తడిసి ముద్దయ్యాయి. ఊరి పక్కనున్న ఏరు కూడా పొంగింది. జవోంగ్‌కు ఒళ్ళు మండిపోయింది. ఊళ్ళోని ఇళ్ళన్నిటినీ కలిపే పొడుగాటి వసారాలో ఊరంతా చేరి చూస్తుండగా అనేశాడు.

"సగ్గుబియ్యం తినేవాడికి నా పిల్లనివ్వను. ఏరు తగ్గిన పూటే వీణ్ణి అవతలి ఒడ్డుకు చేర్చేస్తాను. ఇదే నా మాట."

జవోంగ్ ఒకసారి మాటన్నాడంటే ఇక దాన్ని పట్టుకుని వేలాడతాడని ఊళ్ళో అందరికీ తెలుసు. సులిన్‌కు ఏడుపు ముంచుకొచ్చింది.

ఏరు తగ్గితే కదా. ఆ రోజు మొదలు, మధ్యాహ్నం అయ్యేసరికి మబ్బు పట్టడం, చీకటి పడేదాకా కురవడం. దాటే దారిలేక సిరిల్ ఆ ఇంట్లోనే ఉండిపోయాడు. ఉన్నవాడు ఊరికే కూర్చోలేదు. తడిసిన మిరియాలన్నీ పొయ్యి మీది అటకకెక్కించి, పొగకు కళ్ళు ఎర్రబడుతున్నా కదలకుండా కలియబెట్టాడు. ఒక్క గింజకూ బూజు పట్టలేదు. తన సంచిలోని సగ్గుబియ్యం కొబ్బరికోరుతో వేయించి జవోంగ్ ముందు పెట్టాడు. ఇది తిండా ఇసకా అని వెక్కిరిస్తూనే జవోంగ్ తిన్నాడు. మర్నాడు ఆ ఇసక ఇంకేమైనా మిగిలిందా అని తనే అడిగాడు. అన్నం గొప్పదా సగ్గుబియ్యం గొప్పదా అని ఇద్దరూ పొయ్యి దగ్గర వాదించుకుంటుంటే, ఇంట్లో ఇంత సందడి విని ఎంతకాలమైందో అనుకుంది సులిన్.

సందు చూసి తండ్రిని కదిపింది. "ఆ మాట వెనక్కి తీసుకుంటే నీ నోరేం అరిగిపోదు నాన్నా."

"ఊరంతా విన్నాక మాట మారిస్తే రేపు నా మొహం ఎక్కడ పెట్టుకోను? ఏరు తగ్గిందంటే వాడు పోవాల్సిందే," అన్నాడు జవోంగ్.

అన్నట్టే రోజూ తెల్లవారగానే ఏరు చూసొస్తానని బయల్దేరేవాడు. మోకాళ్ళ దాకా నల్లటి బురదతో తిరిగొచ్చి, ఇంకా తగ్గలేదు, ఈ దిక్కుమాలిన వానకు పనీపాటా లేదని ఆకాశాన్ని తిట్టిపోసేవాడు. తండ్రికి ఇంత తొందరేమిటని సులిన్ లోలోపల కుమిలిపోయేది.

ఒకరోజు జవోంగ్ నడుం పట్టేసి ఏరు చూడ్డానికి వెళ్ళలేదు. ఆ రోజు మబ్బు పట్టలేదు. పొద్దు వాలేసరికి ఏటి మధ్య రాళ్ళు బయటపడ్డాయి. పక్కింటి పెద్దమనిషి వసారాలోంచి గట్టిగా గుర్తుచేశాడు. "జవోంగ్, రాళ్ళు తేలాయి. అల్లుడు కాని అల్లుణ్ణి ఎప్పుడు దాటిస్తున్నావు?" రేపేనని జవోంగ్ ముక్తసరిగా జవాబిచ్చి లోపలికెళ్ళిపోయాడు. ఆ పూట సగ్గుబియ్యం ముట్టలేదు. సిరిల్ సంచి సర్దుకున్నాడు.

సులిన్‌కు నిద్ర పట్టలేదు. కోతికుండల్లో వాన ఉంటుందని ఆమె ఎన్నడూ గట్టిగా నమ్మింది లేదు. అయినా వేరే దారేముంది? వెలుగు రేకలు విచ్చుకోకముందే చిత్తడి వైపు పరుగెత్తింది. నల్లటి నేల కాళ్ళను మోకాళ్ళ దాకా మింగుతోంది. నాచు మీద గుంపులు గుంపులుగా కోతికుండలు నోళ్ళు తెరుచుకుని ఉన్నాయి. గబగబా వంగి ఒకదాన్ని ఒంపింది. చుక్క రాలేదు. పక్కదాన్ని ఒంపింది. అదీ ఖాళీయే. ఆ గుంపులో ఒక్కదానిలోనూ నీళ్ళు లేవు. వేలు పెట్టి తడిమితే లోపల ఇంకా తడిగానే ఉన్నాయి. కింద నాచు మీద చచ్చిన చీమలు పడి ఉన్నాయి.

పొద వెనక ఎవరో దగ్గారు. సులిన్ ఉలిక్కిపడి తొంగిచూసింది.

పంచె మోకాళ్ళ పైకి ఎగ్గట్టి, ఒక చేత్తో నడుం పట్టుకుని, రెండో చేత్తో కోతికుండను తలకిందులుగా పట్టుకుని ఉన్నాడు జవోంగ్. కూతుర్ని చూసి మొహం తిప్పుకున్నాడు. చేతిలోని కుండను నాచు మీద దులిపి ఇంకోదాని మీదికి వంగాడు.

"అలా చూస్తావేంటే? ఆ పక్కవి నువ్వు ఒంపు. రోజూ వంగలేక నా నడుం పడిపోతోంది."