ఆరు గంటల రొట్టె

రొట్టెలక్క మొగుడి బ్యాగు సర్దడం ఇది నలభై రెండోసారి. అదే సోమవారం, అదే ఉదయం.

రెండు చొక్కాలు, ఒక తువ్వాలు, నాలుగు జతల మేజోళ్ళు. ఒక మేజోడుకి బొటనవేలి దగ్గర చిల్లు మొదటిసారి నుంచీ అలాగే ఉంది. కుట్టడానికి టైము లేక కాదు. ఆ ఇంట్లో టైముకి కరువు లేదు, ఓపికకే.

"నాలుగు జతలెందుకే? వెళ్ళేది నాలుగు రోజులు కూడా లేదు. నాకున్నవి రెండే కాళ్ళు," అన్నాడు మొగుడు గడ్డం గీసుకుంటూ.

ఆవిడ ఆ మాట వినడం నలభై రెండోసారి. ఆయన అనడం మాత్రం మొదటిసారే. అందుకే తన జోకుకి తనే నవ్వుకున్నాడు.

ఆయన వంతెనల ఫిట్టరు. నది మీద పాత వంతెన అడుగున తాడుకి వేలాడుతూ బోల్టులు బిగించాలి. ఆ సందుల్లో దూరగల బక్కప్రాణి కంపెనీలో ఇంకొకడు లేడు. సోమవారం ఎనిమిదింటికి బయల్దేరితే గురువారం సాయంత్రానికి పని అయిపోతుంది.

ఇక రొట్టెలక్క సంగతి. కొన్ని వంశాల్లో మెల్లకన్ను వచ్చినట్టు, వాళ్ళ పుట్టింటి ఆడవాళ్ళకి పళ్ళకింద కాలం నలుగుతుంది. నమలకుండా మింగితే అనుకున్న ఘడియకి ముందుకు దూకుతారు. చల్లారింది తింటే, అది పొయ్యి దిగిన వేళకి వెనక్కి పోతారు. వెళ్ళేది తిన్న మనిషే. మిగతా లోకం తన దారిన తను పోతుంటుంది.

వాళ్ళమ్మ, పెదనాన్న ఉపన్యాసానికి లేచాడంటే చాలు, ఉడికిన గుడ్డు గుటుక్కున మింగేది. కుర్చీ ఖాళీ. చప్పట్లు కొట్టే వేళకి మళ్ళీ అందులోనే ఊడిపడేది. అమ్మమ్మ ఇంకా ఘటికురాలు. తాతయ్యతో పోట్లాటలో ఓడిపోతే చల్లారిన సూపు తాగి వెనక్కి వెళ్ళి, ఈసారి ఇంకాస్త ఘాటైన తిట్టుతో గెలిచేది. పాపం తాతయ్య ఒక్క పోట్లాటా గెలవకుండానే పోయాడు.

"చల్లారింది మాత్రం అలవాటు చేసుకోకే. కడుపు నిండదు," అనేది అమ్మమ్మ, సూపు గిన్నె దాచేస్తూ.

ఆ సోమవారం ఆరు గంటలకి రొట్టెలక్క పొయ్యిలోంచి ఒక రొట్టె తీసింది. ఎనిమిదింటికల్లా అది చల్లారుతుంది. ఆయన వీధి మలుపు తిరగ్గానే ఒక ముక్క తుంచి నోట్లో వేసుకుంటుంది. అంతే, మళ్ళీ ఆరు. రొట్టె నిండుగా, వేడిగా. బ్యాగు ఖాళీగా మంచం మీద.

ఆయన్ని ఆపడానికి చెయ్యని పని లేదు. ఎడమ బూటు దాచింది, చెప్పులతో వెళ్ళాడు. గడియారం వెనక్కి తిప్పింది. ఫ్యాక్టరీ సైరన్ విని వెళ్ళాడు. కడుపునొప్పి అని దొర్లింది. పక్కింటి పిన్నిగారిని పిలిచి కూర్చోబెట్టి మరీ వెళ్ళాడు. ఆ పిన్నిగారి కబుర్ల కన్నా నిజం కడుపునొప్పే నయం.

ఈసారి ఉన్నదున్నట్టు చెప్పేసింది.

"ఏమండీ, ఈ ఉదయం మీరు నలభై ఒక్కసార్లు వెళ్ళారు."

"అయితే దారి బాగా తెలిసుంటుంది. తప్పిపోనులే."

"వేళాకోళం కాదు. తాడు తెగితే?"

రేజరు ఆగింది. అత్తగారి వైపు విద్యలు ఆయనకి తెలియనివి కావు. "తెగిందా?" అన్నాడు మెల్లగా.

ఆవిడ మడత పెట్టిన మేజోళ్ళే విప్పి మళ్ళీ మడత పెట్టింది.

ఆయన మొహం తుడుచుకున్నాడు. "సరే, రెండు తాళ్ళు కట్టుకుంటా."

"రెండూ తెగితే?"

"ఈదుకుంటూ వస్తా."

"మీకు ఈత రాదు!"

"నలభై ఒక్కసార్లలో ఒక్కసారన్నా నేర్పించలేకపోయావుటే?"

ఆవిడకి నవ్వొచ్చింది, ఏడుపూ వచ్చింది. రెండూ ఒకేసారి రావడంతో పొలమారింది. ఆయన నెత్తి మీద తట్టి మంచినీళ్ళిచ్చాడు. తర్వాత పొయ్యి మీద గిన్నెలోంచి ఒక గుడ్డు తీసి, ఉఫ్ ఉఫ్ అనుకుంటూ వలిచి, ఆవిడ అరచేతిలో పెట్టాడు.

"మీ అమ్మ చేసినట్టు చెయ్యి. నేనటు వెళ్ళగానే ఇది మింగి గురువారం సాయంత్రానికి దూకెయ్. ఎదురుచూపులుండవు, ఏడుపులుండవు. నన్ను చూడగానే రెండు తిట్లు తిట్టుకో."

"గుడ్డు గొంతుకి అడ్డం పడితే?"

"నీ దుంపతెగ, దానికీ భయమేనా!"

ఎనిమిదీ ఇరవైకి ఆయన మలుపు దగ్గర వెనక్కి చూడకుండానే చెయ్యి ఊపాడు. బ్యాగు భుజం మీంచి జారితే పైకి ఎగేసుకున్నాడు. మలుపు తిరిగాడు.

రొట్టెలక్క గుడ్డు పెదవుల దాకా తెచ్చింది. గురువారం సాయంత్రం వాకిట్లో కంపెనీ మనుషులిద్దరు టోపీలు చేత్తో పట్టుకుని, నేల చూపులు చూస్తూ నిలబడటం కళ్ళముందు మెదిలింది. వాళ్ళలో ఒకడు దగ్గి గొంతు సవరించుకోవడం కూడా వినిపించింది.

గుడ్డు పక్కన పెట్టేసింది. రొట్టె తుంచింది.

మళ్ళీ ఆరు. వంటింటి నిండా వేడి రొట్టె వాసన. గదిలోంచి ఆయన గురక. ఆవిడ కళ్ళు తుడుచుకుని, నలభై మూడోసారి బ్యాగు దులిపింది.

ఆవిడ వదిలేసి వచ్చిన లోకంలో, గురువారం సాయంత్రం ఆరున్నరకి ఫిట్టరు ఒంటి మీద గీత కూడా పడకుండా ఇంటికి తిరిగొచ్చాడు; సోమవారం ఉదయం ఎనిమిదీ ఇరవై తర్వాత ఇక ఎన్నటికీ తిరిగి రానిది రొట్టెలక్క.